మామాకు లేని ఓటు

2024 మే 13న రాయచోటిలో ఓటేసి ఇంటికొచ్చాను. ఎండకు కళ్లు తిరుగుతుంటే కుండలో నీళ్లు ముంచుకుని తాగి, అరుగు మీద కూర్చున్నాను. ఫోన్ చూస్తే కువైట్ నుంచి వాయిస్ మెసేజ్. కువైట్లో నేను ఇంటిపని చేసిన ఇంటి యజమానురాలు, మామా గొంతు. వయసుతో కొంచెం వణుకుతోంది గానీ అదే గొంతు.

"మా మజ్లిస్‌ను రద్దు చేశారు, విన్నావా? నాలుగేళ్ల దాకా ఉండకపోవచ్చట. మీ దేశంలో ఎన్నికలని టీవీలో చూశా. నువ్వు ఓటేశావా?"

మూడు రోజుల ముందే, మే 10న, కువైట్ పాలకుడైన అమీరు మజ్లిస్‌ను, అంటే పార్లమెంటును, రద్దు చేసి, రాజ్యాంగంలో కొన్ని భాగాలను నాలుగేళ్లకు మించకుండా పక్కన పెట్టారు. ఆ వార్త మా వీధిలోకి అప్పటికే వచ్చేసింది. మా ఊళ్లో ఇంటికొకరు కువైట్లో ఉన్నవాళ్లే కదా. కానీ ఎవరూ దాని గురించి బాధపడలేదు. వీసాలు ఆగుతాయా, జీతాలకేమైనా ఇబ్బందా, అంతే మాట్లాడుకున్నారు. నాకు మాత్రం ఆ మెసేజ్ విన్నాక గొంతు పట్టేసింది. "వేశాను మామా" అని ఒక్క మాటే పంపగలిగాను. మిగతాది ఇక్కడ రాస్తున్నాను. మా అమ్మాయి ఫోన్లో తెలుగు టైపింగ్ నేర్పింది, మెల్లగా కొడుతున్నాను.

తెలియనివాళ్ల కోసం చెబుతున్నా, మామా అంటే అరబ్బీలో అమ్మ. ఇంటిపనికి వెళ్లిన మాలాంటి వాళ్లం ఇంటి యజమానురాలిని మామా అని, యజమానిని బాబా అని పిలుస్తాం. ఇంట్లో ముసలావిడ ఉంటే మామా కబీర్, పెద్ద మామా. మొదట్లో నోరు తిరిగేది కాదు. రెండేళ్లకు అది పిలుపుగా కాక బంధుత్వంగానే మారిపోయింది.

నేను 1998లో వెళ్లాను. అప్పటికి నాకు ముప్పయ్యేళ్లు నిండాయి. పిల్లలిద్దరినీ మా అమ్మీ దగ్గర వదిలేశాను. దానికి రెండేళ్ల ముందు మా ఆయన జమాత్ పెద్దల ముందు నిలబడి ఒక్క ఊపిరిలో మూడుసార్లు తలాక్ అని, సైకిలెక్కి వెళ్లిపోయాడు. పెళ్లప్పుడు ఒప్పుకున్న మెహర్ డబ్బు ఇవ్వలేదు. ఇద్దత్, అంటే తలాక్ తర్వాత ఆగాల్సిన గడువు, ఆ మూడు నెలలకు కొంత డబ్బు ఇచ్చినట్టు కాగితం మీద రాశారు, నా చేతికి రాలేదు. "దీన్ (మతం) ప్రకారం జరిగిపోయింది, ఇక మాట్లాడేదేం లేదు బేటీ" అన్నారు పెద్దలు. నేను ఇంటర్ వరకు చదివాను. నమాజు చేస్తాను, ఖురాన్ అరబ్బీలో చదవగలను, అర్థం తెలియదు. అంతటితో ఊరుకున్నాను.

ఆ రోజుల్లో రాయచోటి, రాజంపేట, కోడూరు వైపు నుంచి ఆడవాళ్లు కువైట్ వెళ్లడం కొత్తేం కాదు. 1990లో ఇరాక్ ఆక్రమించినప్పుడు అక్కడి మనవాళ్లు జోర్డాన్‌లోని అమ్మాన్ దాకా బస్సుల్లో పోయి, విమానాల్లో బొంబాయి చేరి, కట్టుబట్టలతో ఊరికొచ్చారు. అలా విమానాల్లో తిరిగొచ్చిన భారతీయులు దాదాపు 1,70,000 మంది. మా పక్కింటి ఆపా వాళ్లలో ఒకరు. "మళ్లీ ఛస్తే పోను" అని అన్న ఆమే 1992లో మళ్లీ వెళ్లింది. నాకు దారి చూపింది కూడా ఆమే.

జీతం నెలకు 35 దినార్లు. అప్పటి లెక్కలో ఐదు వేల రూపాయలకు కాస్త తక్కువ. ఇల్లు రుమైథియాలో. రెండంతస్తుల ఇల్లు, వెనక చిన్న గది నాది. మామా ఆడపిల్లల బడిలో భూగోళం చెప్పే టీచరు. కారు తనే నడుపుకుంటూ వెళ్లేది. కారు దిగి బూట్లు చప్పుడు చేసుకుంటూ వంటింట్లోకి వచ్చేది, నేను యాలకుల టీ పోసిచ్చేదాన్ని. చేతికి బంగారు గడియారం, ముక్కు మీద చదువుకునే కళ్లద్దాలు. ఇలాంటి ఆడమనిషిని అంత దగ్గరగా నేనెప్పుడూ చూడలేదు. ఈమెకు లేనిదేముంటుంది అనుకున్నాను.

దాచకుండా చెప్పాలంటే, నా పాస్‌పోర్టు మామా అల్మారాలోనే ఉండేది, తాళం వేసి. మొదటి రెండేళ్లు సెలవు రోజన్నదే లేదు. కొట్టలేదు, తిట్టలేదు, జీతం ఆపలేదు. మాలియాలో శుక్రవారం కలిసే మన తెలుగు ఆడవాళ్ల కథలు విన్నాక నాది అదృష్టమే అనిపించింది. అన్నం పెట్టక, జీతమివ్వక, రాత్రిపూట గోడ దూకి ఎంబసీకి పరిగెత్తిన పిల్లలు ఉన్నారు. ఇంటిపని వాళ్లకు వారానికో సెలవు, రోజుకు 12 గంటలకు మించకుండా పని, ఏడాదికి నెల రోజుల జీతంతో సెలవు అని కువైట్ చట్టం చేసింది 2015లో. నేను వచ్చేసిన చాలా ఏళ్లకు.

1999 మే. పార్లమెంటు రద్దయిన సమయమది. ఆడవాళ్లకు ఓటు, పోటీ చేసే హక్కు ఇస్తున్నట్టు అమీరు షేక్ జాబిర్ ఫర్మానా ఇచ్చారని టీవీలో చెప్పారు. ఆ సాయంత్రం మామా వంటింట్లోకి వచ్చి స్టూలు లాక్కుని కూర్చుంది. నేను మచ్‌బూస్ అనే మాంసం అన్నం కోసం ఉల్లిపాయలు తరుగుతున్నాను.

"నీకు మీ ఊళ్లో ఓటుందా?"

"ఉంది మామా."

"చదువుకున్నవాళ్లకేనా?"

"కాదు, అందరికీ. మా అమ్మీ సంతకం కూడా పెట్టలేదు, ఆమె కూడా వేస్తుంది. మా నానీ కూడా వేసేదట."

మామా కాసేపు మాట్లాడలేదు. ఉల్లి ఘాటుకు నా కళ్లలో నీళ్లు. ఆవిడ కళ్లలోనూ నీళ్లు కనిపించాయి, అవి ఉల్లివో కావో ఇప్పటికీ చెప్పలేను. "మా అమ్మ దేశం కోసం ప్రాణం పణంగా పెట్టింది, ఆమెకు ఓటు లేదు" అంది.

ఆ అమ్మే మామా కబీర్. ఆమె కథలన్నీ నాకు మధ్యాహ్నాలే చెప్పేది, ఇల్లంతా నిద్రపోయాక, నేను ఆమె కాళ్లకు నూనె రాస్తుంటే. ఆమె చిన్నప్పుడు కువైట్లో నూనె బావుల డబ్బు లేదు. మగవాళ్లు ఎండాకాలం నాలుగు నెలలు ముత్యాల వేటకు సముద్రం మీదికి పోయేవాళ్లు. ఆ నాలుగు నెలలు ఇల్లూ అప్పులూ అంగడీ పిల్లలూ అన్నీ ఆడవాళ్లే చూసుకునేవాళ్లు. "అప్పుడు నువ్వు ఆడదానివి అని ఎవరూ గుర్తు చేయలేదు" అనేది. తర్వాత నూనె వచ్చింది, బడులొచ్చాయి. 1950ల్లో కొందరు చదువుకున్న ఆడపిల్లలు అబాయాలు, ఒంటినిండా కప్పుకునే నల్ల ముసుగులు, తగలబెట్టారని ఊరంతా అట్టుడికిపోయిందట. ఆమె మాత్రం అబాయా తీయలేదు. కూతురిని మాత్రం యూనివర్సిటీ దాకా చదివించింది.

1990 ఆగస్టులో ఇరాక్ సైన్యం వచ్చినప్పుడు ఆమె తీయని ఆ అబాయానే పనికొచ్చింది. దాని కింద డబ్బు, కరపత్రాలు, మందులు పెట్టుకుని చెక్‌పోస్టులు దాటేవాళ్లు ఆడవాళ్లు. మొదటి రోజుల్లో వీధుల్లోకి వచ్చి ఊరేగింపులు చేసింది కూడా వాళ్లే. అస్రార్ అల్ ఖబందీ అనే యువతిని ఇరాకీలు పట్టుకుని 1991 జనవరిలో చంపేశారు. ఆమె పేరు చెప్పేటప్పుడు మామా కబీర్ కాలు వెనక్కి లాక్కునేది, నూనె రాయొద్దని సైగ చేసేది. దేశం విడుదలయ్యాక 1992లో ఎన్నికలు పెట్టారు. ఓటు మళ్లీ మగవాళ్లకే. "శత్రువుకు మేం భయపడలేదు, మా వాళ్లే మాకు భయపడ్డారు" అని మామా చాలాసార్లు అంది.

అమీరు ఫర్మానా అయితే ఇచ్చారు గానీ, కొత్తగా గెలిచిన సభ దాన్ని ఒప్పుకోవాలి. 1999 నవంబరులో సభ దాన్ని తోసిపుచ్చింది. ఆ నెలలోనే అదే హక్కు కోసం సభ్యులు పెట్టిన బిల్లుకు ఓటింగ్ పెడితే 30 మంది సరేనన్నారు, 32 మంది వద్దన్నారు. రెండంటే రెండు ఓట్లు. ఆ రాత్రి మా ఇంటి దివానియా నిండిపోయింది. దివానియా అంటే ఇంటికి ముందు మగవాళ్లు కూర్చునే పెద్ద గది. గోడల వెంట నేలమీద పరుపులు, మధ్యలో ఇత్తడి దల్లా కూజాలో ఖహ్వా కాఫీ, చిన్న ఫింజాన్ కప్పులు. కువైట్ రాజకీయమంతా నడిచేది అక్కడే. నేను ట్రే తీసుకెళ్లి గుమ్మం దగ్గర డ్రైవర్‌కిచ్చి వచ్చేసేదాన్ని. మామా అయితే ఆ గుమ్మం దాకా కూడా వెళ్లేది కాదు. వంటింటి కిటికీ దివానియా వైపు ఉండేది. ఆ రాత్రి లైటు ఆర్పేసి ఆ కిటికీ దగ్గర నిలబడి వాళ్ల మాటలు వింది. బాబా తమ్ముళ్లు వద్దన్నవాళ్ల వైపే. బాబా మంచివాడు, కానీ తమ్ముళ్ల ముందు నోరెత్తలేదు. మామా ఆయన్ను చాలా రోజులు పలకరించలేదు.

అప్పుడే ఒకరోజు నన్నడిగింది, పిల్లల్ని వదిలి ఎందుకొచ్చావని. చెప్పాను. మూడుసార్లు అన్నాడు, అయిపోయింది అని. ఆవిడ చేతిలోని కప్పు కింద పెట్టేసింది.

"ఒకేసారి మూడు అంటే మా దగ్గర ఒక్కటే లెక్క. 1984 చట్టంలోనే రాశారు. ఒక్కటైతే గడువులోపల వెనక్కి తీసుకోవచ్చు, మాట్లాడుకోవచ్చు. మీ దగ్గర అలా కాదా?"

నాకు మాట రాలేదు. ఇది దీన్, మారదు అన్నారు మా పెద్దలు. అరబ్బుల దేశంలోనే వేరుగా రాసుకున్నారు. ఆ రాత్రి నా గదిలో ఏసీ చప్పుడు వింటూ తెల్లవారే వరకు మేలుకునే ఉన్నాను. మా ఆయన మళ్లీ కావాలని కాదు. మా జమాత్‌లో ఒక్కరికైనా ఈ మాట తెలిసి ఉంటుందా, తెలిసీ చెప్పలేదా అని. ఓటున్న నన్ను వీధిలో నిలబెట్టారు. ఓటు లేని మామాను అలా నిలబెట్టలేరు. 2017 ఆగస్టు 22న సుప్రీంకోర్టులో ఐదుగురు జడ్జీల్లో ముగ్గురు ఈ ఒక్క ఊపిరి తలాక్ చెల్లదన్నప్పుడు, నేను టీవీ ముందు కూర్చుని ఆ మచ్‌బూస్ వాసన గుర్తు తెచ్చుకున్నాను. తర్వాత 2019లో దాని మీద చట్టం తెచ్చి భర్తకు జైలు అన్నారు. దాని మీద మా వీధిలో ఇంకా వాదనలు ఆగలేదు. జైల్లో పడేస్తే అన్నం ఎవరు పెడతారని అడిగే ఆడవాళ్ల మాట కూడా నాకు తప్పుగా అనిపించదు.

అలాగని అక్కడంతా సుఖమని కాదు. మామా చెల్లెలు జోర్డాన్ ఆయన్ని చేసుకుంది. ఆమె పిల్లలు కువైట్లోనే పుట్టారు, అక్కడే బడికి పోయారు, వాళ్ల యాస కూడా కువైటీదే. కానీ పౌరసత్వం తండ్రి నుంచే వస్తుంది. అందుకే ఆ పిల్లల దగ్గరా నా దగ్గర ఉన్నలాంటి ఇకామానే, బయటి దేశం వాళ్లకిచ్చే నివాస అనుమతి. గడువు ముగిసేలోపు కాగితాలు పట్టుకుని ఆఫీసుల చుట్టూ తిరిగేవాళ్లు. ఒకసారి వాళ్ల పెద్దమ్మాయి నా ఇకామా, తన ఇకామా పక్కపక్కన పెట్టి చూసి, "మనమిద్దరం ఒకటే ఖాలా (పిన్నీ)" అంది. పన్నెండేళ్ల పిల్ల. దాన్ని దగ్గరికి తీసుకోవడం తప్ప ఏం చేయగలను.

మామా పాస్‌పోర్టు సంగతి అంతకన్నా విచిత్రం. టీచర్ల శిక్షణకు బయటి దేశం వెళ్లాలంటే కొత్త పాస్‌పోర్టు కావాల్సి వచ్చింది. పెళ్లైన ఆడదానికి పాస్‌పోర్టు ఇవ్వాలంటే భర్త ఒప్పుకోలు కావాలి, 1962 నాటి చట్టం. బాబా సంతకం పెట్టాడు, అడ్డు చెప్పలేదు. అయినా ఆ కాగితం పట్టుకుని ఇంట్లోకి వచ్చినప్పుడు మామా మొహం నేను మర్చిపోలేను. ఆ సాయంత్రమే అల్మారా తెరిచి నా పాస్‌పోర్టు తీసి నా చేతిలో పెట్టింది. ఏం చెప్పలేదు. అప్పటి నుంచి అది నా ట్రంకుపెట్టెలోనే, పిల్లల ఫొటోల పక్కన. శుక్రవారం సెలవు కూడా అప్పటి నుంచే. ఆ భర్త ఒప్పుకోలు అక్కర్లేదని వాళ్ల రాజ్యాంగ కోర్టు తీర్పిచ్చింది 2009 అక్టోబరులో.

2005 మార్చిలో ఒకరోజు లేత నీలం స్కార్ఫ్ ఇస్త్రీ చేయమంది. ఓటు కోసం పార్లమెంటు ముందు చేరిన ఆడవాళ్లకు అదే రంగు. నేను రెండుసార్లు ఇస్త్రీ చేశాను, మడత కనిపించకూడదని. మే 16 రాత్రి సభలో ఓటింగ్ పూర్తయింది. 35 మంది అవునన్నారు, 23 మంది కాదన్నారు. షరియా నియమాలకు లోబడి అని ఒక మాట చేర్చారు, కానీ ఓటు ఓటే. వీధిలో కార్ల హారన్లు మోగాయి. మామా మేడ మీది నుంచి పరిగెత్తుకుంటూ వచ్చి, పిండి చేతులతో ఉన్న నన్ను పట్టుకుని తిప్పేసింది. "ఇక నీతో సమానం నేను!" అని నవ్వింది. నేను ఎప్పుడు ఆమె కన్నా పైన ఉన్నానో నాకు తెలియదు. నెల తిరక్కుండా మాసూమా అల్ ముబారక్ అనే ప్రొఫెసర్ దేశంలో మొదటి మహిళా మంత్రి అయింది.

2006 జూన్ 29. నిప్పులు కురిసే ఎండ. ఆడవాళ్లకు వేరే పోలింగ్ కేంద్రాలు, ఆడపిల్లల బడుల్లో. మామా కబీర్‌ను చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి నేనే తోసుకెళ్లాను. ఒళ్లో జిన్సియా, పౌరసత్వం కాగితం, ప్లాస్టిక్ కవర్లో భద్రంగా పట్టుకుంది. ముందు రోజు రాత్రి కొడుకులు, అల్లుడి తమ్ముళ్లు వచ్చి ఎవరికి వేయాలో పదిసార్లు చెప్పి వెళ్లారు. గేటు దాకానే నన్ను రానిచ్చారు. నీడ లేని చోట అబాయా కొంగు తల మీదికి లాక్కుని నిలబడ్డాను. లోపలికి పోతున్న ఆడవాళ్లను చూస్తుంటే 1989లో నేను తొలిసారి వేసిన ఓటు గుర్తొచ్చింది. ఆ రోజు మా ఆయన చెప్పిన గుర్తుకే వేశాను. వేరేగా వేయొచ్చన్న ఆలోచనే రాలేదు.

బయటికొచ్చాక తోస్తూ అడిగాను, ఎవరికి వేశారు మామా కబీర్ అని.

"నా ఓటు నీకెందుకు చెబుతాను?" అంది. కొడుకులకూ అదే జవాబు. ఆమె 2008లో పోయింది. ఎవరికి వేసిందో ఎవరికీ తెలియదు.

ఆ ఎన్నికలో 25కు పైగా ఆడవాళ్లు నిలబడ్డారు. ఒక్కరూ గెలవలేదు. ఓటర్లలో సగం కన్నా ఎక్కువ ఆడవాళ్లే. ఎందుకంటే ఆడవాళ్ల పేర్లు వాటంతటవే జాబితాలో చేరాయి, సైన్యంలో, పోలీసులో ఉన్న మగవాళ్లకేమో ఓటు లేదు. అయినా గెలవలేదు. మామాకు నాలుగు రోజులు జ్వరం. "ఆడవాళ్లే వేయలేదు" అని గోడ వైపు తిరిగి పడుకుంది. నేను మా ఖాలా కథ చెప్పాను. 1995లో మా పక్క పల్లెలో ఆడవాళ్ల రిజర్వేషన్ కింద ఖాలా వార్డు మెంబరైంది. మీటింగులకు వెళ్లింది, సంతకాలు పెట్టింది ఆమె భర్త ఖాలూ. మూడో ఏడు నీళ్ల ట్యాంకు డబ్బు దగ్గర గొడవొచ్చినప్పుడు ఖాలా మొదటిసారి కొంగు బిగించి పంచాయతీ ఆఫీసుకు తనే పోయింది. ఆ తర్వాత ఖాలూ సంతకం పెట్టలేదు. "మూడేళ్లు పట్టింది మామా" అన్నాను. మామా ఇటు తిరిగింది. ట్యాంకు కట్టారా లేదా అని అడిగింది. కట్టారు అన్నాను.

2009లో తిరిగొచ్చేశాను, ఇక చాలని. అమ్మాయి పెళ్లికి ఎదిగింది. 1999లో, 2004లో మా ఎన్నికలప్పుడు నేను అక్కడే ఉన్నాను, ఓటు వేయలేదు. అందుకే ఈసారి మామా టికెట్ ముందుగానే తీసింది, ఏప్రిల్ 23 పోలింగ్‌కు ముందు ఊళ్లో ఉండేలా. ఎయిర్‌పోర్టులో యాలకుల పొట్లం, పిల్లలకు బట్టలు, ఒక లేత నీలం స్కార్ఫ్ ఇచ్చింది. ఏప్రిల్ 23న ఆ స్కార్ఫ్ కట్టుకునే పోలింగ్‌కు వెళ్లాను.

మా ఓట్ల లెక్కింపు మే 16. అదే రోజు కువైట్లో పోలింగ్. ఆ రోజంతా మా ఇంట్లో టీవీ మోగుతూనే ఉంది. మర్నాడు మధ్యాహ్నం ఫోన్. అవతల నుంచి ఏడుపు, నవ్వు, మళ్లీ ఏడుపు.

"నలుగురు! నలుగురు ఆడవాళ్లు గెలిచారు!" మాసూమా, అసీల్ అల్ అవధీ, రోలా దష్తీ, సల్వా అల్ జస్సార్. ఆ పేర్లు ఒక్కొక్కటి ఆగి ఆగి చెప్పింది, నేను రాసుకుంటున్నట్టు.

"మీ దగ్గర ఎంతమంది గెలిచారు?"

నాకు తెలియదు. రెండు రోజులుగా టీవీ చూస్తున్నా ఎవరూ చెప్పలేదు. నేనూ అడగలేదు. వేలి గోరు మీద ఓటు సిరా ఇంకా ఉంది, గోరు పెరిగి మొదట్లో తెల్లగా సందు వచ్చింది. రేపు చెబుతాను మామా అన్నాను. మా అబ్బాయిని పేపర్లన్నీ తెమ్మని పంపించాను. వాటిలో వెతికి మర్నాడు ఫోన్ చేశాను. మొత్తం 543 మందిలో అరవైకి కాస్త తక్కువ.

అవతల కాగితం మీద పెన్ను కదిలే చప్పుడు వినిపించింది. మాకు 50లో 4, అని గొణుక్కుంటోంది. లెక్క చేస్తోంది మామా.